గెంటేసే సీను

కిందటివారం మనం ఆల్సిడ్ తిబోడో వంటింట్లో ఆగిపోయాం. లైట్లు సర్దారు, కెమెరా నిలబెట్టారు, రిహార్సల్ నడుస్తోంది. పెద్దకొడుకు నీల్ వేషం వేస్తున్న థెరన్ వాస్కో వీధి తలుపు తీసుకుని లోపలికొచ్చాడు. తండ్రి వేషం ఆల్సిడ్‌ది. అతను నటుడు కాడు. ఆ రేవులో బోనులు వేసి, పెద్ద రొయ్యల్లాంటి లాబ్‌స్టర్లు పట్టుకుని బతికిన ముసలివాడు. తన ఇల్లూ తన పడవా షూటింగుకిచ్చి, చివరికి తనూ అందులో వేషం కట్టాడు. కొడుకు లోపలికి రాగానే అతను లేచి, వాడు చెప్పేది విని, "నా ఇంట్లోంచి బయటికి పో, నీల్" అనాలి. లేచాడు. చాలాసేపు చూశాడు. "గిల్" అన్నాడు. అంతే. టోపీ తీసుకుని, కొడుకుని గెంటవలసిన తలుపులోంచి తానే బయటికి వెళ్లిపోయాడు.

కథలో గిల్ అనే పేరు గలవాడెవడూ లేడు. డైరెక్టర్ నదీన్ సోబెల్, భోజనాల వేళ కాకపోయినా, "భోజనానికి వెళ్దాం" అంది. ఎవరూ ఎవరి మొహమూ చూసుకోలేదు. ఆ గదిలో విషయం తెలియనివాడు తనొక్కడేనని థెరన్‌కి అప్పుడర్థమైంది.

మర్నాడు పొద్దున అతను మేడ దిగి తిన్నగా ఒడిల్ హోటల్‌కి వెళ్లాడు.

ఒడిల్ ఆల్సిడ్ కూతురు. స్టోనీ రీచ్ రేవు చివర, చేపల షెడ్డు పక్కన ఆమె హోటల్. అమెరికాలోని మెయిన్ రాష్ట్రంలో ఆ తీరం పొడుగునా అలాంటి హోటళ్లే ఉంటాయి. తెల్లవారకముందే పొయ్యి వెలుగుతుంది, పడవలు బయల్దేరేలోపు గిన్నెలు ఖాళీ అవుతాయి. ఆ రోజు పొగమంచు మూలాన పడవలు కదల్లేదు. జాలర్లంతా లోపలే ఉన్నారు.

"రండి హీరోగారూ, రండి!" అన్నాడు పెర్లీ అనే లావుపాటి మనిషి, పక్క స్టూల్ మీద నుంచి తన రబ్బరు కోటు తీస్తూ. "నిన్నటి సీనులో ఏడుపు వచ్చిందా? రాకపోతే చెప్పండి, ఒడిల్ దగ్గర ఉల్లిపాయలు బోలెడున్నాయి."

"వాడికెందుకయ్యా ఉల్లిపాయలు? నీ కోటు వాసన చాలదూ?" అంది ఒడిల్ కాఫీ పోస్తూ.

అందరూ నవ్వారు. థెరన్ కూడా నవ్వాడు. ఆ నవ్వు ఆగకముందే అడిగేశాడు.

"గిల్ ఎవరు?"

పెర్లీ కప్పు కింద పెట్టి, కిటికీలోంచి కనబడని సముద్రాన్ని చూడ్డం మొదలెట్టాడు. ఒడిల్ చేతులు తుడుచుకుంది.

"బంగాళాదుంపల తొక్క తియ్యడం వచ్చా నీకు?"

"వచ్చు."

"అయితే వెనక్కి రా."

థెరన్ అంతవరకూ నటించినది తక్కువ, తోమిన గిన్నెలు ఎక్కువ. పిట్స్‌బర్గ్‌లో ఉక్కు కొలిమి దగ్గర పనిచేసిన తండ్రికి మూడో సంతానం. న్యూయార్క్ వచ్చి పగలు హోటల్లో గిన్నెలు తోముతూ, సాయంత్రాలు ఎవరో ఒకరి నేలమాళిగలో వేసే నాటకాల్లో నటించేవాడు. ఒకసారి సబ్బు ప్రకటనలో వీపు మాత్రం కనిపించాడు. నదీన్ సినిమాకి పెద్ద కంపెనీ ఏదీ వెనక లేదు. మొత్తం మనుషులు రెండు వ్యాన్లలో పడతారు. వంటచేసే అమ్మాయే ముఖానికి రంగూ వేస్తుంది. అయినా అది సినిమా, అందులో అతనిది ప్రధాన పాత్ర. ఎంపికైన రోజు తల్లికి ఫోన్ చేసి, "అంతమందిలో నన్నే తీసుకున్నారమ్మా" అని చెప్పాడు. ఆ మాట చెబుతూంటే గొంతు ఎలా వణికిందో అతనికింకా గుర్తే.

వెనక గదిలో ఒడిల్ బస్తా విప్పి, కత్తి అతని చేతికిచ్చి, తానూ ఒకటి తీసుకుంది. చేతులకి పనుంటే తప్ప ఆమెకి మాట రాదు.

"గిల్ నా తమ్ముడు. ఇద్దరిలో పెద్దవాడు. చిన్నవాడు రెమీ. పదకొండేళ్లయింది ఆ సంగతి జరిగి. ఆ రోజు గాలి బాలేదు, పడవ తియ్యొద్దని నాన్న చెప్పాడు. గిల్ వినలేదు. రెమీని వెంటేసుకుని పోయాడు. గిల్ చుక్కాని దగ్గరున్నాడు. బోను నీళ్లలోకి వదులుతుంటే తాడు రెమీ కాలికి చుట్టుకుంది. బోనుతోపాటు వాడూ వెళ్లిపోయాడు. గిల్ వెనక్కి తిరిగి చూసేసరికి వాడు నిలబడ్డ చోట ఎవరూ లేరు."

థెరన్ చేతిలో దుంప ఆగిపోయింది. అది అతను కంఠతా పట్టిన కథే. పేర్లొక్కటే వేరు.

"నదీన్ గారికి ఇదంతా..."

"నేనే చెప్పాను. కిందటేడు వేసవిలో మా మేడమీద గది అద్దెకి తీసుకుంది. నువ్విప్పుడు పడుకుంటున్న గదే. రోజూ ఇక్కడ కూర్చుని దుంపలు తొక్క తీసేది. నీకన్నా నయం, ఇంత మందంగా తీసేది కాదు."

"ఎందుకు చెప్పారు?"

ఒడిల్ కత్తి కింద పెట్టింది. గోడకి తగిలించిన సామాన్ల వెనక నుంచి ఒక ఫోటో తీసి బల్ల మీద పెట్టింది. పడవ కేబిన్ గుమ్మంలో నిలబడిన కుర్రవాడు, ఎండకి కళ్లు చికిలించి నవ్వుతున్నాడు. వెడల్పు దవడ, కాస్త నిక్కిన చెవులు, ఎడమ కనుబొమ మీద సుడి. థెరన్ ఆ ఫోటోని చేతిలోకి తీసుకున్నాడు. అద్దంలో రోజూ చూసే మొహం అది. చొక్కా ఒక్కటే తనది కాదు.

"నువ్వు బస్సు దిగిన రోజు నా చేతిలో పళ్లెం జారిపోయింది, గుర్తుందా? చెయ్యి కాలిందని అబద్ధం చెప్పాను," అంది ఒడిల్.

అతనికి ముందు గుర్తొచ్చింది పళ్లెం కాదు. తల్లితో తానన్న మాట. అంతమందిలో నన్నే తీసుకున్నారమ్మా.

"నాన్న వాడిని ఇంట్లోంచి పంపేశాడు," ఒడిల్ మళ్లీ కత్తి తీసుకుంది. "ఆ మర్నాటి నుంచి మొన్నటిదాకా వాడి పేరు ఆయన నోట వినలేదు. నిన్ననే విన్నాను. నా తంటాలు నేను పడ్డాను, పాదిరిగారితో చెప్పించాను, ఏడ్చాను, తిట్టాను. నా వల్ల కాలేదు. ఈ సినిమా వాళ్లవల్ల అవుతుందేమో అనుకున్నా. పిచ్చిదాన్ననుకో."

"అనుకోను."

"ఇంకోటుంది. అది నదీన్‌కి కూడా చెప్పలేదు." ఆమె గొంతు తగ్గించింది. "రెమీని సమాధి చేసి ఇంటికొచ్చాక వంటింట్లో గిల్ నాన్నని అడిగాడు. 'రెమీ బదులు నేను పోయుంటే బాగుండేదనుకుంటున్నావు కదూ?' అని. నేను పొయ్యి దగ్గరున్నా. కాదంటాడని చూస్తున్నా. ఆయన ఏమీ అనలేదు. లేచి వెళ్లి తలుపు తీసి పట్టుకున్నాడు. గిల్ ఆ తలుపులోంచి వెళ్లాడు. అంతే."

బయట ఎవరో కాఫీ కోసం గంట కొట్టారు. ఒడిల్ లేచింది.

"నీకెందుకు చెప్పానో! ఆ మొహం వల్ల కాబోలు. ఇది సినిమాలోకి రాకూడదు. మాటివ్వు."

"రాదు," అన్నాడు థెరన్.

*

సినిమా వాళ్లకి చర్చి వెనక హాలు ఇచ్చారు. నదీన్ అక్కడ మడత మంచం మీద కూర్చుని, ఒళ్లో స్క్రిప్టు పెట్టుకుని ఆపిల్ తింటోంది. ముప్పై దాటిన సన్నటి మనిషి, నిద్ర లేని కళ్లు. ఎదుటివాళ్లు కోపంగా వస్తే ఆమె లేచి నిలబడదు. కూర్చునే వింటుంది.

"నన్ను మొహం చూసి తీసుకున్నావా?" అన్నాడు థెరన్, గుమ్మంలోంచే.

"ఒడిల్ చెప్పిందా?"

"అడిగినదానికి చెప్పు."

"అవును."

అబద్ధం చెబుతుందని అతను సిద్ధపడి వచ్చాడు.

"కట్టలు కట్టలుగా ఫోటోలొచ్చాయి," అంది నదీన్. "నీది చూసి పక్కన పెట్టాను. నువ్వు నటించగలవో లేదో అప్పటికి తెలీదు. పిలిచాక చదివించాను. చదివావు. బాగా చదివావు."

"చదవలేకపోతే?"

"చదవలేకపోయినా నిన్నే తీసుకునేదాన్ని. ఇంకా కష్టపడేదాన్ని, అంతే. ఇది వినాలని వచ్చావు కదా, విను."

"ఆ ముసలాయన్ని మోసం చేశావు. కొడుకు మొహం తెచ్చి ఆయన వంటింట్లో నిలబెట్టావు. ఆయన కళ్లముందే ఆయన బతుకుని..."

"ఆగు." నదీన్ ఆపిల్ పక్కన పెట్టింది. "ఆయనకి మొదటి రోజే స్క్రిప్టంతా ఇచ్చాను. ఒడిల్ వంటింట్లో కూర్చుని, కళ్లద్దాలు పెట్టుకుని, మొదట్నించి చివరిదాకా చదివాడు. నేను అక్కడే ఉన్నా. ఇల్లు విడిచి పొమ్మంటాడేమో అనుకున్నా. ఒక్కటే అడిగాడు. 'కుర్రాడి వేషం ఎవరు వేస్తారు?' అని. నీ ఫోటో చూపించాను. 'సరే' అన్నాడు. 'తండ్రి వేషానికి ఎవరన్నా ఉన్నారా?' అని ఆయనే అడిగాడు. నేనడగలేదు."

థెరన్ గోడకి ఆనుకున్నాడు. హాలు అవతల కెమెరామన్ బ్రామ్ వెలుతురు తగలకుండా ఒక నల్లసంచీలో చేతులు పెట్టి ఫిల్మ్ సర్దుతున్నాడు. వింటున్నాడు, వింటున్నట్టు కనిపించడం లేదు.

"చూడు," నదీన్ గొంతు మెత్తబడింది. "మిగిలిన ఫిల్మ్ ఈ సీనుకి ఒక్కసారికే సరిపోతుంది. మహా అయితే ఇంకొంచెం. గెంటేసే సీను లేకపోతే ఈ సినిమాకి వెన్నెముక లేదు. కొడుకు ఎందుకు వెళ్లాడో తెలీనప్పుడు ఎందుకు తిరిగొచ్చాడని ఎవరికి కావాలి? ఆయన నిన్ను గెంటాలి. ఎలా గెంటిస్తావో నీ ఇష్టం. రెచ్చగొట్టు, తిట్టు, ఏడువు. మొహం నీకు పుట్టుకతో వచ్చింది. మిగతాది నీ పని. నటుడివని నాకు చూపించు."

చివరి మాట ఎక్కడ తగలాలో అక్కడే తగిలింది. ఆమెకది తెలుసు. అతనికీ తెలుసు. అయినా తగిలింది.

*

ఆల్సిడ్ రేవు మీద బోనులు బాగుచేసుకుంటున్నాడు. పొగమంచు పలచబడుతోంది. పడవల కొనలు ఒక్కొక్కటే బయటపడుతున్నాయి. థెరన్ వచ్చి పక్కన ఉన్న పెట్టె మీద కూర్చున్నాడు. ముసలాయన తలెత్తలేదు.

"ఆ డైరెక్టర్ పిల్ల పంపిందా?"

"లేదు. నేనే వచ్చాను."

"అయితే ఈ చివర పట్టుకో. గట్టిగా. అలా కాదు, బొటనవేలు లోపలికి పెట్టు."

కాసేపు తాడు ముడివేస్తూ పైపై మాటలే నడిచాయి. పడవ రంగు గురించి, ఈసారి చలి ముందే వస్తుందేమోనన్న దాని గురించి. అప్పుడు థెరన్ అన్నాడు:

"నిన్న మీరెందుకు వెళ్లిపోయారు పెద్దాయనా?"

"సిగరెట్ కాల్చుకోడానికి."

"మీరు సిగరెట్ కాల్చరు కదా."

"అందుకే దొరకలేదు." ఆల్సిడ్ ముడి బిగించాడు. అతని కళ్ల చివర నవ్వులాంటిది కదిలి పోయింది. "నీకంతా చెప్పేసిందా మా అమ్మాయి?"

"చెప్పారు."

"ఊఁ. దాని నోరు వాళ్లమ్మ నోరే." బోను పక్కకి తోసి ఇంకోటి లాక్కున్నాడు. "చూడబ్బాయ్. నేను వాడిని ఒకసారి గెంటేశాను. ఇంకోసారి గెంటమంటే గెంటను."

"ఇది నటన. నిజం కాదు."

"నీకు నటన. నువ్వు నేర్చుకున్నావు. నాకు రాదుగా. నేను తలుపు తీసి పొమ్మంటే, పొమ్మన్నట్టే. నా చేతికి తేడా తెలీదు."

"మరి ఎందుకు ఒప్పుకున్నారు? అంతా చదివారట కదా!"

ఆల్సిడ్ ఇంకో ముడి వేశాడు. పెర్లీ పడవ ఇంజను ఎక్కడో దగ్గింది, ఆగింది, మళ్లీ దగ్గింది.

"అందులో ఒక ముక్క ఉంది," అన్నాడు చివరికి. "'కొడుకు తలుపు తీసుకుని లోపలికి వస్తాడు' అని. ఆ ముక్క కోసం ఒప్పుకున్నా."

"దాని తర్వాతి ముక్క?"

"దానిదాకా రాదనుకున్నా. వానొస్తుందనో, లైటు పేలిపోతుందనో, ఆ పిల్లకే విసుగు పుట్టి వెళ్లిపోతుందనో అనుకున్నా. మీ సినిమా పని చూస్తే అలాగే ఉంది మరి. రోజుకో తంటా." తాడు కొసని పళ్లతో పట్టి లాగాడు. "మధ్యాహ్నం వస్తాను. వస్తానన్నాక రాకుండా ఉండను. నువ్వు లోపలికి రా, నేను చూస్తాను. తలుపు మాత్రం తియ్యను. ఆ పిల్లకి చెప్పు."

థెరన్ లేచాడు. నదీన్‌కి ఏం చెప్పాలో ఆలోచించుకుంటూ రేవు చెక్కల మీద నడిచాడు. ముసలాయన మీద జాలి ఉంది. కాదనలేం. కానీ ఆ జాలి పక్కనే ఇంకోటి కూర్చుని ఉంది. ఈ సీను లేకపోతే సినిమా లేదు. సినిమా లేకపోతే అతను మళ్లీ న్యూయార్క్ హోటల్లో, వేడి ఆవిర్లలో, పళ్లేల ముందు నిలబడతాడు. అదయినా ఫరవాలేదు. దవడ బాగుందని పిలిచి, దవడ చూసుకుని పంపించేశారన్న మాట ఒకటి మిగిలిపోతుంది. దాన్ని ఎక్కడ దాచుకోవాలో అతనికి తెలియలేదు.

హాలు దగ్గరికొచ్చేసరికి నదీన్ మెట్ల మీద నిలబడి ఉంది.

"ఏమన్నాడు?"

"వస్తాడు," అన్నాడు థెరన్. మిగతాది చెప్పలేదు.

*

పడమటి కిటికీలోంచి ఎండ వంటింటి బల్ల మీద పడే వేళకి అంతా సిద్ధమైంది. ఆ వెలుగు ఎంతోసేపు ఉండదు. బ్రామ్ కెమెరా మూల పెట్టాడు. నదీన్ నేల మీద, కెమెరా కాళ్ల పక్కన, మోకాళ్లు ముడుచుకుని కూర్చుంది. ఒడిల్ హోటల్ మూసి వచ్చి, లైట్ల వెనక, పొయ్యి దగ్గర నిలబడింది. సీను కోసం వండిన చేపల పులుసు ఆమెదే.

ఆల్సిడ్ శుభ్రమైన చొక్కా వేసుకొచ్చాడు. అది కథలో చొక్కా కాదు. నదీన్ చూసి కూడా ఏమీ అనలేదు.

థెరన్ బయట వరండాలో నిలబడ్డాడు. లోపల నదీన్ గొంతు, బ్రామ్ గొంతు, తర్వాత కెమెరా తిరిగే సన్నటి గరగర. అతను తలుపు తీసుకుని లోపలికొచ్చాడు.

ఆల్సిడ్ తలెత్తాడు. లేచాడు. చూశాడు.

"పడవ తీసుకెళ్లింది నేనే నాన్నా," అన్నాడు థెరన్. అది రాసి ఉన్న మాట.

ముసలాయన కుర్చీ వెనక్కి తోశాడు.

"వద్దన్నావు. విన్నాను. అయినా తీసుకెళ్లాను." ఇదీ రాసి ఉన్నదే.

ఇక్కడ తండ్రి బయటికి పొమ్మని తలుపు తియ్యాలి. ఆల్సిడ్ చేతులు రెండూ బల్ల మీద ఆనించి నిలబడ్డాడు. నిలబడ్డం చూస్తే సాయంత్రం దాకా అలాగే ఉండేలా ఉన్నాడు. కెమెరా తిరుగుతోంది. నదీన్ చేత్తో కానివ్వమన్నట్టు సైగ చేసింది, ఒకసారి, ఇంకోసారి. ఫిల్మ్ పోతోంది.

థెరన్ దగ్గర రాసి ఉన్న మాటలు అయిపోయాయి. రాయని మాట ఒకటుంది. ఇంకెవరూ వాడలేనిది. అది తనది కాదని అతనికి తెలుసు. అది వాడితే ముసలాయన తప్పక తలుపు తీస్తాడని, లేకపోతే కొడతాడని అనుకున్నాడు. ఏదైనా సీనుకి పనికొస్తుంది. ఆ లెక్క వేసుకోడానికి అతనికి రెప్పపాటు కన్నా ఎక్కువ పట్టలేదు. ఏళ్ల తర్వాత పేరొచ్చాక, ఆ రోజు ఏమనుకున్నావని అడిగినవాళ్లకి అతను రకరకాలుగా చెప్పాడు. జరిగింది మాత్రం ఇదే.

"రెమీ బదులు నేను పోయుంటే బాగుండేదనుకుంటున్నావు కదూ?" అన్నాడు.

కథలో తమ్ముడి పేరు రెమీ కాదు. నదీన్ తల గభాల్న ఇటు తిరిగింది. లైట్ల వెనక గరిటె గిన్నెకి తగిలి ఖంగుమంది.

ఆల్సిడ్ మొహంలో ముందు ఏమీ కనబడలేదు. తర్వాత పెదవులు కదిలాయి, మాట రాలేదు. మళ్లీ కదిలాయి.

"కాదు," అన్నాడు.

చాలా చిన్న గొంతు. మైక్ పట్టుకున్న మనిషి తెలియకుండానే ఒక అడుగు ముందుకేశాడు.

"కాదురా. కాదు. అప్పుడూ కాదు." ముసలాయన బల్ల చుట్టూ తిరిగి వచ్చాడు. తలుపు వైపు కాదు, థెరన్ వైపు. "నువ్వడిగావు. నోరు పెగల్లేదు. కాదు అని ఒక్క మాట. నా కొడుకు సముద్రంలో పోయాడు, నాకు నోరు ఎక్కడిది? నువ్వేమో నిలబడి చూస్తున్నావు. నువ్వు బయటికి పోతే నువ్వడిగింది కూడా బయటికి పోతుందనుకున్నా. తలుపు తీశాను. నువ్వెళ్లావు. అది వెళ్లలేదు. అది ఇక్కడే ఉంది, ఈ బల్ల దగ్గరే. రోజూ నాతోపాటే తింటుంది."

థెరన్ ఒక అడుగు వెనక్కి వేశాడు.

"కూర్చో," అన్నాడు ఆల్సిడ్. భుజం పట్టుకుని కుర్చీలో కూర్చోబెట్టాడు. పొయ్యి దగ్గరికి వెళ్లి, కూతురి చేతిలోంచి గరిటె తీసుకుని, గిన్నెలో పులుసు పోసి తెచ్చి ముందు పెట్టాడు. "తిను. చల్లారిపోతుంది."

థెరన్ తిన్నాడు. నీల్‌గా తింటున్నాడో, గిల్‌గా తింటున్నాడో, పిట్స్‌బర్గ్ నుంచి వచ్చిన తానే తింటున్నాడో అతనికి తెలియలేదు. ఆల్సిడ్ ఎదురుగా కూర్చుని, కొడుకు తింటుంటే చూసే తండ్రిలాగే చూస్తున్నాడు. ఎండ బల్ల అంచు దాటి నేల మీదికి జారింది. అప్పుడు కెమెరాలో ఫిల్మ్ అయిపోయి, చివర పటపటమని కొట్టుకుంది.

నదీన్ కట్ చెప్పలేదు. చెప్పాల్సిన పని లేకపోయింది. ఆమె నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుని ఉంది. తాను రాసిన సీను పోయిందనీ, దానికన్నా పెద్దదేదో దొరికిందనీ ఆమెకి తెలుసు. థెరన్‌కి కూడా తెలుసు. బాగా వచ్చిందని నటుడికి ఒంటికే తెలిసిపోతుంది. ఆ ఒక్క క్షణం అతనికి సంతోషం వేసింది. ఆ సంతోషంలోనే తలెత్తి ఒడిల్‌ని చూశాడు.

"మాటిచ్చావు," అంది ఒడిల్.

అతను చెంచా కింద పెట్టాడు. "నేను..."

"నువ్వు ఊరుకో. నీ సంగతి తర్వాత." ఆమె లైట్ల మధ్యలోంచి ముందుకొచ్చి తండ్రి ఎదుట నిలబడింది. "నాన్నా! ఈ మాట చెప్పడానికి పదకొండేళ్లు పట్టిందా నీకు? చెప్పి చెప్పి ఎవరికి చెప్పావు? ఎక్కడివాడికో చెప్పావు. బస్సెక్కి వచ్చాడు, బస్సెక్కి పోతాడు. వాడేం చేసుకోడానికి?"

"ఆ మొహం కనబడేసరికి..." ఆల్సిడ్ మెల్లగా అన్నాడు.

"ఆ మొహం ఇంకోచోట కూడా ఉంది."

"ఒడిల్, వద్దమ్మా."

"వద్దంటే వినే వయసు దాటిపోయింది నాకు."

ఆమె గోడ దగ్గరికి నడిచి టెలిఫోన్ అందుకుంది. నంబరు చూసుకోవలసిన పని లేకపోయింది. డయల్ తిరిగి తిరిగి వెనక్కి వచ్చే చప్పుడు తప్ప గదిలో ఏమీ లేదు.

"పడమటి తీరంలో ఇప్పుడు భోజనాల వేళ. ఇంట్లోనే ఉంటాడు," అంది, ఎవరితోనూ కాదు.

నదీన్ నేల మీద నుంచి కదలకుండానే బ్రామ్ మోకాలు తట్టింది. వేలితో కెమెరా చూపించింది. మిగిలిన ఆఖరి ముక్క ఎక్కించమని. బ్రామ్ ఒక్క క్షణం ఆమెని చూశాడు. తర్వాత అలవాటైన చేతులు చప్పుడు కాకుండా పని మొదలెట్టాయి. కెమెరా మూత పడింది. సన్నటి గరగర మళ్లీ మొదలైంది.

థెరన్ అది విన్నాడు. ఆ గరగర అంటే ఏమిటో ఆ గదిలో అతనికన్నా బాగా ఎవరికీ తెలియదు. ఇది కూడా సినిమాలోకి వస్తే చూసినవాళ్లెవరూ మర్చిపోరు. తన మొహాన్నీ మర్చిపోరు. అతను కుర్చీలోంచి లేచి లెన్సుకీ ముసలాయనకీ మధ్యకి నడిచి, వీపు అడ్డం పెట్టి నిలబడ్డాడు.

"తప్పుకో థెరన్," నదీన్ గుసగుసగా అంది. "దేవుడి మీద ఒట్టు, ఇప్పుడు తప్పుకోకపోతే ఈ సినిమాలో నీ ఫ్రేము ఒక్కటి కూడా ఉంచను."

అతను తప్పుకోలేదు.

ఫోన్ అవతల ఎవరో ఎత్తారు. ఒడిల్ రిసీవర్‌ని చెవి దగ్గర పెట్టుకుని "నేనే" అని మాత్రం అంది. తీగ సాగినంతమేర చెయ్యి చాచి తండ్రి ముందు పట్టుకుంది. అందులోంచి మగగొంతు సన్నగా వినబడింది.

"హలో... అక్కా? ఈ వేళప్పుడు చేశావేంటి? ఏమైంది?"

ఆల్సిడ్ చెయ్యి లేచి, రిసీవర్ దగ్గరిదాకా వెళ్లి, గాల్లో ఆగిపోయింది. అతని ఊపిరి గదంతా వినబడుతోంది. అవతల, దేశానికి ఆ చివర కూడా వినబడినట్టుంది.

ఆ గొంతు మళ్లీ వచ్చింది. ఈసారి నెమ్మదిగా.

"నాన్నా... నువ్వేనా?"